బెత్తెడు నోరు

ఆత్రేయపురంలో మంగతాయారుగారి వంటింట్లో
బోర్లా పడుకుని ఉన్నాను.
చెంప గచ్చుకి ఆనింది, టార్చి పళ్ళ మధ్య.
అలమర కింద చీకట్లో
నాలుగేళ్ళ పంచదార దుమ్ము
ఉప్పుమడిలా తెల్లగా పరుచుకుని ఉంది.

మొన్న ఫోనులో అడిగారావిడ:
"నాయనా, చీపురుతో తోస్తే చెత్త మింగేసే పెట్టె ఉందంటగా,
అలమర కిందే ఇమిడిపోద్దంట.
వంగితే మోకాళ్ళు ఒప్పుకోట్లేదు.
చేట పట్టే మనిషి నిలవట్లేదు."
ఆయ్, ఉందండి, అన్నాను.
అప్పటికి నేను బిగించింది ఒక్కటే,
అదీ రాజమండ్రిలో, ఓ పళ్ళ డాక్టరు ఇంట్లో.

ఇక్కడి చెత్త వేరు.
పెరట్లో వరహాలమ్మ కాగిన కుండ మీద గుడ్డ పరిచి తీసిన రేకు
ఊపిరి తగిలితే లేచిపోద్ది.
లోపల చాప మీద నలుగురు కూచుని మడతలు వేస్తుంటే
అంచులు విరిగి, పొడి జారి,
నేతి చుక్కకి అంటుకుని
సాయంత్రానికి గదంతా
అన్నమూ కాని, దుమ్మూ కాని తెలుపు.
దాని కోసం చీమలు
లొల్ల లాకుల దగ్గర్నుంచి వస్తున్నాయా అన్నంత వరుస.

అడుగుపట్టీ విప్పాను.
పెన్సిలు గీత గీసి
మట్టం గొట్టంలో బుడగ నడిమికొచ్చేదాకా ఊపిరి బిగబట్టాను.
రంపం దిగ్గానే పొట్టు ఎగిరి పంచదారలో కలిసింది.
చీమలు రెండిటినీ వాసన చూసి
ఒకదాన్నే మోసుకెళ్ళాయి.

సింకు పైపు అడ్డమొచ్చింది. అరంగుళం.
అరంగుళానికి అరపూట.
ఏసుబాబు మోటారుని చంటిపిల్లాణ్ణి ఎత్తుకున్నట్టు ఒళ్ళో పెట్టుకుని
"అన్నా, ఇది కరుస్తాదా?" అంటున్నాడు.

అప్పుడు తగిలింది వేళ్ళకి.
వెనక కాలు దగ్గర, చింతగింజ పక్కన,
మర ఊడిన చెవి దిద్దు.
తుడిచి, పైకి చెయ్యి చాపాను.
మంగతాయారుగారు అరచేతిలో వేసుకుని
చాలాసేపు చూశారు, ఎవరిదని అడగలేదు.
చాప మీంచి ఎవరో, గొంతు తగ్గించి,
"సత్తెవతి మీద పడేశారు కదండీ అప్పట్లో."
మడత పెట్టే చేతులన్నీ ఆగాయి.
మోటారుకి ఇంకా వైరు కలపలేదు,
ఆ నిశ్శబ్దాన్ని కప్పడానికి గదిలో ఏ చప్పుడూ లేదు.

వైరు కలిపాను, ఎర్తు చూశాను, పట్టీ మూశాను.
బెత్తెడు వెడల్పు నోరు, పైన చిన్న మీట.
"బొటనవేలితో నొక్కండి."
ఆవిడ కాలు ఎత్తి, దించేశారు.
"బియ్యప్పిండి నాయనా. కాలితోనా?"
చీపురు కర్రతో నొక్కినా పనిచేద్దండి, అన్నాను.
అయినా కాలితోనే నొక్కారు, ఎందుకో పంతంగా,
వెంటనే వంగబోయి, మోకాలు వంగక,
గాల్లోనే చెయ్యి కిందకి చూపి కళ్ళకద్దుకున్నారు.
బుస్సుమని రేకు ముక్కలు లేచి
ఒకదాని వెనక ఒకటి లోపలికెళ్ళిపోయాయి.
వరహాలమ్మ పెరట్లోంచి పరిగెత్తుకొచ్చింది, కుండ పగిలిందనుకుని.

డబ్బు లెక్కపెట్టి ఇచ్చారు, ఒక పొట్లం కూడా.
గడప దాటాక వెనక్కి పిలిచారు.
దిద్దు ఇంకా గుప్పిట్లోనే ఉంది.
"దాని నోటికి ఓ జల్లెడ బిగించు.
ఏదన్నా పడితే, పడినట్టు తెలియాలి."
జల్లెడ పెడితే లాగుడు తగ్గిపోద్దండి,
చీపురు రెండుసార్లు తోయాలి, చెప్పాను.
"తోస్తాను."

టీ వడకట్టే పాతది ఒకటి తెచ్చిచ్చారు.
పిడి కోసేసి, అంచులు వంచి, నాలుగు స్క్రూలు.
కంపెనీ కాయితంలో వద్దని రాసుంది.
బిగించాను.