ఎడమ పక్క

మా నాన్న పేరు దస్తగిరి.
గుర్రం పేరు సున్నం.
తెల్లగా ఉంటుందని కాదు,
లాలాపేట గోడలకు వీపు రుద్దుకుని
రోజూ కాస్త పూసుకొచ్చేది.
అసలు రంగు తడి బూడిద.

పెళ్లిళ్ల నెలల్లో
ఎంతమంది పెళ్లికొడుకులు ఎక్కారో దాన్ని!
జీను కొమ్ము పట్టుకుని, మోకాళ్లు బిగించి,
ఫొటోవాడు నవ్వమంటే
పళ్లు మాత్రం చూపించి.
"భయం మోకాళ్లలోంచి దానికి దిగుద్దమ్మీ" అనేవాడు నాన్న,
"మూడు వీధులు తిరిగేసరికి
వాళ్ల చెమట దీనికి పడుద్ది."

తను మాత్రం ఏనాడూ ఎక్కలేదు.
పదిహేడేళ్లు ఎడమ పక్కన నడిచాడు
జూలు మొదట్లో అరచెయ్యి ఆనించి.
కళ్లెం తోలు కొత్తగానే ఉండేది,
అరిగిపోయింది ఆ చోట వెంట్రుకలే.
బ్యాండు, టపాకాయలు, జనరేటరు పొగ,
అన్నిటి మధ్యా
ఆ చేతి కిందే దాని లోకం.

ఎండుమిర్చి లారీలు దిగే రోజుల్లో
యార్డు దాటుతుంటే ఇద్దరూ తుమ్మేవాళ్లు.
ముందు అది. తర్వాత ఆయన.
ఒక్కసారీ వరస తప్పలేదు.

ఆ రాత్రి ఏటుకూరు రోడ్డులో పెళ్లి.
తిరిగొచ్చేటప్పుడు షామియానా మేకు
చెప్పు దాటి పాదంలోకి దిగింది.
రెండున్నర. ఆటోల్లేవు.
చున్నీ చింపి కట్టాను.
"ఎక్కు నాన్నా."
"ఆ వీపు అద్దెకిచ్చేది. నాది కాదు."
"ఎక్కు."

ఎక్కాడు. అచ్చం పెళ్లికొడుకులాగే
కొమ్ము పట్టుకున్నాడు.
నాకు నవ్వొచ్చింది,
చున్నీలోంచి రక్తం కారుతుంటే ఆగిపోయింది.

సున్నం కదల్లేదు.
అదిలించాను. బెల్లం చూపించాను.
నాన్న గొంతు పైనుంచి వస్తుంటే
చెవులు వెనక్కి పెట్టి,
తల ఎడమకు తిప్పి
ఖాళీ రోడ్డును వాసన చూసింది.
అక్కడ నేను నిలబడి చెయ్యేశాను.
ఈగ వాలినట్టు చర్మం వణికింది, అంతే.

అప్పుడాయన కొమ్ము వదిలాడు.
ముందుకి వంగి, ఇంకా వంగి,
బోర్లా పడుకున్నట్టు మెడ మీదికి ఒరిగి
ఎడం చెయ్యి కిందికి జారవిడిచి
అరిగిన ఆ చోట పెట్టాడు.

ఒక పెద్ద ఊపిరి. దానిదో, ఆయనదో.
తారురోడ్డు మీద లాడాలు మొదలయ్యాయి.

యార్డు దగ్గర
ముందు నేను తుమ్మాను.
ఇద్దరూ నావైపు చూశారు,
ఎవరి వంతో లాగేసుకున్నట్టు.