గ్రూపు

మంగళారం, శుక్రారం
కోడి కుయ్యకముందే ఢిల్లేసు ఆటో మా ఈదిలోకి ఒచ్చీది.
హారన్ కొట్టీవోడు కాడు.
ఆరుగురం. ఆరు సంచులు.
సంచిలో దుప్పటి, ఇడ్లీ పొట్లం, కొలిసి పోసిన అరలీటరు నీళ్ళు.
పలాస ఆస్పత్రి దాకా
గతుకు గతుక్కీ బండి నిదానం సేసి
"పెద్నాన్నా, సెయ్యి జాగర్త" అనీవోడు,
ఫిస్టులా ఉన్న నా ఎడం సేతిని
పొదిగీ గుడ్డుని సూసినట్టు సూసి.

ఆ శుక్రారం ఆటో రాలేదు.
పూండి కాడ లారీ గుద్దీసిందని
పాలు పోసీ కుర్రోడు సెప్పినాడు.
తలకే తగిలిందంట.
మిగతా ఒంటి మీద గీతైనా పళ్ళేదంట.

ఆడా మాట అన్నాడో లేదో
నా లోపల్నించి ఇంకో మాట లేసింది.
అది "అయ్యో" కాదు.
"ఢిల్లేసుది ఏ గ్రూపో?"

ఇన్నాళ్ళూ ఎవరికీ సెప్పలేదు.

మా ఉద్దానంలో వయసడిగితే తడుముకుంటాం.
క్రియాటినిన్ అడిగితే పాయింటుతో సహా సెప్తాం.
అలాంటి నేల మాది.
అయినా సరే, ఆ మాటకి అది సాకు కాదు.

సికాకులం పెద్దాస్పత్రి.
గాజు తలుపు అవతల ఆడి సాతీ లేస్తంది, పడతంది.
ఊపిరి మిషనుదన్నారు.
ఆరుగంటలు ఎడమిచ్చి రెండుసార్లు సూసేరంట.
మెదడు ఎల్లిపోయిందన్నారు.
ఇస్తే ఇయ్యండి, లేకపోతే లేదు, బలవంతం లేదని
డాక్టరమ్మ నెమ్మదిగానే సెప్పింది.

అంతమంది సుట్టాలుండగా
ఊర్మిళ కాయితం పట్టుకుని నా కాడికే ఒచ్చినాది.
"ఎచ్చగున్న మనిషిని సచ్చిపోనాడని
నానెలాగ రాసిచ్చీది పెద్నాన్నా?
నువ్వు సెప్పు."

వారానికి రెండుసార్లు
నా రక్తం బైటికెల్లి, మిషను తిరిగి, ఇంటికొస్తాది.
మిషనాడితే మనిషున్నట్టేనా అన్నది
నాకు తెలీకపోతే ఇంకెవరికి తెలస్తాది?
జవాబుంది నా కాడ.
కానీ ఆ జవాబు సెయ్యి సాపుకుని నిలబడుంది.

"ఈ ఒక్కటీ నన్నడక్కమ్మా.
ఇందులో నాకు ఆశుంది" అన్నాను.

అది సానాసేపు నా మొకం సూసింది.
"నీకు రావంట పెద్నాన్నా.
నాను ముందే అడిగీసినాను.
ఆటోలో ఆరుగురికీ రావంట.
వరసలో ముందున్నోళ్ళకంట. పేరు కూడా సెప్పరంట."

తలెత్తలేకపోనాను.

సంతకం రాదు దానికి. బొటనేలు సిరాలో ముంచింది.
పడ్డది మచ్చే గానీ ముద్ర కాదు.
మళ్ళీ ముంచింది. మళ్ళీ మచ్చే.
"గీతల్లేవేటమ్మా?" అన్నాడు గుమస్తా.
"పదేళ్ళు జీడిపిక్కలు కొట్టినాను బాబూ,
ఆ నూనె తినీసింది."

సాక్షి కావాలన్నారు.
కుడిసేత్తో నాను పెట్టినాను.

మంగళారం ఏరే ఆటో ఒచ్చింది.
హారన్ కొట్టింది.
గతుకుల కాడ ఆగలేదు.
నా ఎడం సేతిని
నానే పట్టుకుని కూకున్నాను.