మొదటి పేజీలో కేజీలు

జట్టు చరిత్ర రాసిమ్మన్నారు, రెండు పేజీల్లో.
ఫొటోలుంటే జతచేయమన్నారు.
ఫొటోల్లేవు.
పిక్కల రిజిస్టరొకటుంది,
అట్ట ఊడి, మూలలు నూనె తాగి.

మొదటి పేజీలో పరుగులు లేవు, కేజీలున్నాయి.
తామాడ దమయంతి: గుండ్లు ఆరు, బద్దలు రెండు, నూక ముప్పావు.
కొర్ల బృందావతి: గుండ్లు ఏడున్నర.
సాలిన ఎర్నమ్మ: నాగా.
ఆ నాగా పక్కనే, అదే సిరాతో,
ఎర్నమ్మ, పద్నాలుగు, నాటౌట్.

కాశీబుగ్గ ఫ్యాక్టరీలో తూకం రాసేదాన్ని నేను.
ఎర్నమ్మ ఆ పూట పనెగ్గొట్టి
బాయిలర్ వెనక, పిక్కలారబోసే గచ్చు మీద
కొబ్బరి మట్టతో ఆడుతోంది.
చూడ్డానికెళ్ళాను, మేస్త్రికి చెబుదామనే.
తిరిగొచ్చేసరికి
చెయ్యి దానంతటదే గళ్ళు గీసేసింది.

"ఏటే గుంటల్లారా, పని లేదేటి మీకు?"
అని అరిచిన ఆ మేస్త్రే
రెండేళ్ళకి మా అంపైరు.
వైడంటూ చేతులు చాపితే
రెండు భుజాలా బస్తాలున్నట్టే ఉండేది.

టెక్కలిలో గెలిచాం మొదటిసారి.
బహుమతి ప్రెషర్ కుక్కరు.
పదకొండు మందికి ఒక్క కుక్కరు.
నెలకొకరింట తిరిగింది.
ఎవరింట ఉంటే ఆ నెల వాళ్ళే కెప్టెన్.
ముందు విజిల్ పోయింది, తర్వాత రబ్బరు.
ఎర్నమ్మ వంతు వచ్చేసరికి
బియ్యం పోసుకునే డబ్బా అయింది.

తర్వాతది ఖాళీ పేజీ. తిత్లీ.
తెల్లారి చూస్తే ఉద్దానం తోటలన్నీ పడుకునున్నాయి,
వేళ్ళు ఆకాశంలో పెట్టి.
ఆ నెల తూకం లేదు, ఆట లేదు, కూలి లేదు.
దమయంతి తన పెరట్లో కూలిన జీడిచెట్టునుంచి
మూడు కర్రలు చెక్కించి తెచ్చి పాతింది.
"ఇంక కాయలు కాయదు గదా,
కాపలా కాయమను."

కంపెనీ వాళ్ళు విశాఖ నుంచి వచ్చారు.
జట్టుని కొంటామన్నారు.
బస్తాలైతే తూచి కొంటారు,
జట్టునెలా కొంటారో మాకు తెలీదు.
ఎండలో నిలబెట్టారు, పరిగెత్తించారు,
వయసడిగారు, మోకాళ్ళు నొక్కి చూశారు.
నలుగుర్ని ఏరారు, గుండ్లు.
మిగతావాళ్ళు బద్దలు.
నేను నూక.
కోపమేం రాలేదు, ఏరడం మా పనే కదా.
దమయంతి మాత్రం
మూడు కర్రలూ పీకి ఇంటికి పట్టుకుపోయింది.

నెలజీతం మీద ఆట. కాగితాలు. బ్యాంకు ఖాతా.
బృందావతి బొటనవేలు పెట్టింది.
ఎర్ర లైటు.
చూపుడువేలు. ఎరుపు.
అటు అయిదూ ఇటు అయిదూ ఎరుపే.
పన్నెండేళ్ళు జీడినూనె తిన్న వేళ్ళు,
అరిగిన సబ్బుబిళ్ళల్లా నున్నగా.
"ముద్ర పడట్లేదండీ,
మీరెవరో మిషన్‌కి తెలీట్లేదు" అన్నాడు కుర్రాడు.
"ఒక బంతెయ్యి బాబూ" అంది బృంద,
"తెలుస్తాది."

ఆఖరికి కళ్ళు చూసి ఒప్పుకుంది మిషను.

విజయనగరంలో తొలి ఆటకి నాకు టికెట్ పంపింది.
జట్టు పేరు మారింది, పలకడం నాకింకా రాలేదు.
గ్యాలరీలో కూర్చుని రిజిస్టరు తెరిచాను.
పెద్ద తెర మీద అంకెలు
నా పెన్నుకన్నా ముందే మారిపోతున్నాయి.
పక్క సీటు పిల్లాడు జాలిగా చూశాడు.

తొమ్మిదో ఓవర్లో బ్యాటంచు తగిలిందో లేదో
బృంద కుడివైపుకి దూకింది.
ఆ నున్నటి వేళ్ళల్లోకి
బంతి చప్పుడు లేకుండా వచ్చి ఆగింది.
తెర మీద వికెట్ అని పడింది.
నేను గడిలో రాసుకున్నాను:
గుండు. పగల్లేదు.

తొలి జీతంతో ఏం కొన్నావే అనడిగాను.
కుక్కరుకి రబ్బరూ విజిలూ అంది.

రెండు పేజీలు దాటిపోయింది.
కుక్కరు సంగతి తీసెయ్యమంటారు కాబోలు.
తియ్యను.