దీపం ఎంత పెద్దది?

కిసుము కోర్టు నుంచి సంచిలో వేసుకొచ్చాను
మూడువందల పన్నెండు పేజీల ఒక్క రాత్రిని.
పచ్చ దారంతో కుట్టి ఉంది.

నూట నలభై మూడో పేజీలో అపొండి అంటోంది:
"తలుపు సందులోంచి చూశాను. ఒడెరోనే.
కత్తి కుడిచేతిలో ఉంది.
దీపం వెలుగుతోంది."
ఆ కింద టైపిస్టు వేలు: సాక్షి ఏడ్చింది,
కోర్టు పది నిమిషాలు ఆగింది.

ఆ పది నిమిషాలు నా దాకా రాలేదు.
కింది కోర్టు జడ్జి చూశాడు వాటిని.
ఆమె గొంతు ఎక్కడ బొంగురుపోయిందో,
బోను వైపు ఎన్నిసార్లు తల తిప్పలేకపోయిందో
ఆయన ఎరుగును. "ఈమెను నమ్మాను" అని రాశాడు.
నాకు అందింది కాగితం.
కాగితానికి చెమట పట్టదు.

ఆమె చెప్పింది మా అమ్మ మాటలో.
దుబాసీ ఇంగ్లీషులో పెట్టాడు: "గుర్తుపట్టాను".
మా లువోలో చూడటం వేరు, ఎరగడం వేరు.
చొక్కా తిరగేసి కుట్టు వెతికినట్టు
ఆ మాటను తిరగేసి చూస్తాను.
దేని మీద వేసిన కుట్టో తెలియదు.

అమ్మ హోమా బే ఒడ్డున ఎండు ఒమెనా అమ్మేది,
గోరోగోరో డబ్బాతో కొలిచి.
అంచుదాకా పోసి, పైన ఇంకో గుప్పెడు.
పక్కావిడ అరచేత్తో తలగొట్టి ఇచ్చేది.
"పైన పోసింది కొలత కాదే, మర్యాద" అనేది అమ్మ.
అపొండి మాటల్లో కొలత ఎంతవరకో,
మొగుణ్ణి పోగొట్టుకున్న మనిషి పైన పోసిన గుప్పెడెంతో!
అరచెయ్యి చాచి కూర్చున్నాను.
తలగొట్టడానికి చెయ్యి రావడం లేదు.

నాలుగో సాక్షి, వలలు బాగుచేసే ముసలాయన,
మాటల మధ్య అనేశాడు
ఆ రాత్రి పడవలన్నీ ఒమెనా వేటకు పోయాయని.
ఏ వకీలూ అక్కడ ఆగలేదు.
సరస్సు ఒడ్డున పుట్టినదాన్ని, నేను ఆగాను.
ఒమెనాకు పోయేది చీకటి రాత్రుల్లో.
అపొండి ఇంకో పేజీలో, వెన్నెల కూడా ఉందంది.
చంద్రుడు ఏ వేళకు పొడిచాడో ఎవరూ అడగలేదు.
దీపం ఎంత పెద్దదో ఎవరూ అడగలేదు.
దూరం మాత్రం అడిగారు. పదిహేను అడుగులు.

తొమ్మిదింటికి కరెంటు పోయింది.
వంటింట్లోంచి రేకుబుడ్డి తీసి, వెలిగించి
వరండా మెట్టు మీద పెట్టాను.
వాచ్‌మన్ వాంగాని గేటు దగ్గర నిలబడమన్నాను.
"ఏం చెయ్యాలి మేడమ్?"
"ఏమీ వద్దు. ఊరికే నిలబడు."

గుర్తుపట్టాను.
టోపీ, ఎడమవైపు వాలిన భుజం, వాంగానే.
ఆ వెంటనే సిగ్గేసింది.
అక్కడున్నది వాంగా అని నాకు ముందే తెలుసు.

అపొండికీ ముందే తెలుసా?
కంచె తగువు, తిరిగిరాని పడవ అప్పు,
చర్చి ముందు అందరూ విన్న ఆ తిట్లు.
మనసు ముందే వాకిట్లో నిలబెట్టిన మనిషిని
కన్ను పోయి పట్టుకుందా?
లేక నిజంగా ఒడెరోనేనా?
పగవాడి ముఖం కంటే బాగా ఎరిగిన ముఖం ఏముంటుంది?

ఈ బుడ్డి సంగతి తీర్పులో రాయకూడదు.
రికార్డులో లేని వెలుతురు ఇది.

రేపు ముగ్గురం కూర్చుంటాం.
"సాక్షి మంచిదైతే ఒక్కరు చాలరా?" అంటారు చెరుటో గారు, కళ్ళజోడు తుడుస్తూ.
చాలు. చాలునని నేనే రెండుసార్లు రాశాను.
కొడియాగా జైల్లో ఒడెరోకిది ఏడో ఏడు.
అపొండి ప్రతి వాయిదాకీ వస్తుందట,
రెండో బెంచీ చివర కూర్చుంటుందట.
నువ్వు అబద్ధమాడావని నేను అనను.
నువ్వు చూడలేదేమో అనాలంటే
ఆ బెంచీ వైపు చూస్తూ అనాలి.

బుడ్డిలో కిరసనాయిలు అడుగంటింది.
"ఇక వెళ్ళొచ్చా మేడమ్?" అంది గేటు దగ్గరి చీకటి.
గొంతును బట్టి
అతనే అనుకున్నాను.