ఇతరములు

నా పేరు ఒన్నిక్. తెర మీద నన్ను ఎవరూ చూసుండరు.
ఇస్తాంబుల్, బేయోగ్లూ, మూడో అంతస్తు,
లిఫ్టు చెడిపోయిన ఆఫీసులో
ముప్ఫై నాలుగేళ్ళు జమాఖర్చులు రాశాను.
మెబ్రూరె హానుం గురించి ఎవరడిగినా
చిట్టా పుస్తకాలే తీస్తాను.
మిగతాది పత్రికలవాళ్ళ పని.

వాళ్ళ తాత హైరుల్లా అదానాలో
పత్తి గోదాం వెనక గోడకి ప్రతి వేసవీ సున్నం కొట్టించేవాడట.
ఆ గోడే తెర. కప్పు లేదు.
జనం పొద్దుతిరుగుడు గింజలు కొరుకుతూ చూసేవాళ్ళు.
కథ బిగిసిందా లేదా అన్నది ఆయన తెర చూసి కాదు,
పళ్ళ మధ్య ఆ చిటపట ఆగిందేమోనని
చీకట్లో చెవి పెట్టి తేల్చేవాడు.
తెల్లారి పొట్టు ఊడ్చే పని మనవరాలిది.
ఆ పిల్లకి సినిమా అంటే మొదట
చీపురు.

తండ్రి నెజ్‌దెత్ అరవై ఒక్క సినిమాలు తీశాడు,
చేతిలో డబ్బు లేకుండా.
ఇంకా పుట్టని సినిమాకి ఊరి పంపిణీదారు నోటు రాసిచ్చేవాడు,
నోటు చూపించి ముడి ఫిల్ము,
ముడి ఫిల్ము చూపించి హీరో,
హీరోని చూపించి మరో నోటు.
ఒక చలికాలం, పాట సగంలో ఉండగా,
టీ గ్లాసు కింద పెట్టకుండానే పోయాడు.

కొడుకు తుంచ్ దర్శకుడి కుర్చీ తీసుకున్నాడు.
కూతురు సొరుగు తీసింది.
నూట పద్దెనిమిది నోట్లు, అన్నీ మేం కట్టాల్సినవే.
"తారీఖుల వారీగా పేర్చండి, ఒన్నిక్ ఎఫెండి" అంది.
ఏడ్చిందేమో. నా పుస్తకంలో నమోదు కాలేదు.

అదానా నుంచి ఫోను:
కథానాయిక బతకాలి, లేకపోతే మావాళ్ళు కుర్చీలు విరుస్తారు.
సంసూన్ నుంచి ఫోను:
చావాలి, రుమాళ్ళు తడవకపోతే రెండో వారం ఉండదు.
తమ్ముడు కళ అన్నాడు, గది తలుపేసుకున్నాడు.
ఆమె ఒకే మధ్యాహ్నం, ఒకే గౌనులో
ఆ పిల్లకి ముందు పెళ్ళి చేయించింది,
తర్వాత వానలో చంపించింది.
వరస ఎందుకలా అంటే, మళ్ళీ జుట్టు ఆరబెట్టే ఖర్చు ఉండదని.
రెండూ ఆడాయి.

సతిల్మిష్ అని ఒక లైట్‌బాయ్ ఉండేవాడు.
ముందు పుట్టినవాళ్ళు దక్కకపోతే పెట్టే పేరది,
అమ్మేసినవాడు అని అర్థం.
దీపాల పలక మీంచి జారాడు.
వాడి తల్లికి ఆమె నోటు రాసింది, ఎనిమిది వేల లీరాలు,
అడగని మనిషికి రాసిన ఒకే ఒక నోటు.
ఉత్తరం యోజ్‌గాత్ వెళ్ళి తిరిగొచ్చింది:
చిరునామాలో ఎవరూ లేరు.

తర్వాత టీవీ.
హాళ్ళు ఖాళీ, కొన్ని గోదాములయ్యాయి
(తాత వింటే నవ్వేవాడు).
అందరూ పడగ్గది సినిమాలకి దిగారు.
ఆమె కూడా ఒకటి తీసింది. పేరు వేయలేదు.
ఆ రాబడిని నేను
"ఇతరములు" అని రాశాను.
ఆమె ఆ మాట చదివి, పుస్తకం మూసి,
నాకో సిగరెట్ ఇచ్చింది.

నెగెటివులు వెండి కరిగించేవాడికి కిలోల లెక్కన వెళ్ళాయి,
తండ్రివీ తనవీ కలిపే.
తూకం దగ్గర ఆమె నిలబడింది.
డబ్బాలతో సహా తూయమని వాడితో బేరమాడింది కూడా.
ఆఖరి నోటు మార్చిలో తీరింది. బాస్ఫరస్ వైపు ఇల్లు
అప్పటికే పోయింది.

మొన్న శరత్కాలంలో ఆ కుటుంబానికి సన్మానం.
తుంచ్ వేదిక మీద పద్నాలుగు నిమిషాలు మాట్లాడాడు:
తెల్ల గోడ, నక్షత్రాలు, తాతయ్య.
చీపురు రాలేదు.
నా పక్క సీట్లో మెబ్రూరె హానుం
చేతిసంచి తెరిచి, ఒక గింజ తీసి,
పళ్ళ మధ్య చిటుక్కుమనిపించింది.
ముందు వరస వాళ్ళు వెనక్కి తిరిగారు.
ఇంకోటి తీసింది.

టాక్సీలో అడిగింది:
"యోజ్‌గాత్ నుంచి ఏమైనా?"
లేదన్నాను.
"రేపు జిల్లా కచేరీకి రాయండి.
వాడికో చెల్లెలు ఉండాలి."