ఔటర్ సిగ్నల్

మారేడ్‌పల్లిలో మేడమీది గది.
నలుగురు వాయించేవాళ్లు, పాతికమందిమి వినేవాళ్లం.
ఒకటే ఫ్యాను. అదీ ఆపేశారు, చప్పుడని.

సొరాబ్జీ సెల్లో గుర్రుమని ఆగింది.
చప్పట్లు కొట్టాం.
ఫిలోమినా కమాను దించలేదు,
కనుబొమ్మ ఒక్కటి ఎత్తింది.
మళ్లీ అదే వరస, ఏమీ ఎరగనట్టు.

రెండోసారి ఆగితే
సగం చేతులే లేచాయి, గాల్లోనే ఆగాయి.
"కూసోండ్రి," అన్నాడు
రిటైరైన రైల్వే గార్డు బాలనర్సయ్య,
"ఇంకా మౌలాలి ఔటరే.
సామాన్లు దించకుండ్రి."

మూడోసారి
ఎవరో మింగేసిన దగ్గు కూడా వినబడింది.
వాళ్లు కమాన్లు వదులు చేసి,
స్వరాల కాగితాలు మడిచి,
పెట్టెలు మూసేదాకా
బిగబట్టుకునే కూర్చున్నాం.

బాలనర్సయ్యే ముందు పకపకా నవ్వాడు:
"అరె, స్టేషనొచ్చి ఎంతసేపాయె!"