వెంట్రుకవాసి

గాంధీనగరంలో మూడో అంతస్తు.
ఒకప్పుడు రేకుపెట్టెల్లో రీళ్లు మోసిన మెట్ల మీద
ఇప్పుడు కొరియర్ కుర్రాళ్ల చెప్పులు.
పైన, ఏసీ పనిచేయని గదిలో,
పాత సినిమాలకి అక్షరాలు అతుకుతుంటాను.

సెకనుకి ఇరవైనాలుగు ఫ్రేములని నా లెక్క.
బొమ్మ నడిచింది మాత్రం అంతకన్నా
వెంట్రుకవాసి తక్కువలో.
"ఎవడు చూస్తాడులేవయ్యా" అన్నాడు వీరభద్రం.
వదిలేశాం.

ఖాతూన్‌బీ చూసింది.

పంజా సెంటర్లో జాకెట్లు కుడుతుంది.
ఏడో ఏట జ్వరంతో వినికిడి పోయింది, చదువు పోలేదు.
మెట్లెక్కి వచ్చింది, మెడలో టేపు అలాగే ఉంది.
నా బిల్లుపుస్తకం వెనక రాసింది:

"మొదటి పాట దాకా బాగానే ఉంది.
ఇంటర్వెల్‌కి మాట
నోటికన్నా నాలుగు సెకన్లు ముందొచ్చింది.
వాడింకా పెదవి విప్పలేదు, నేను నవ్వేశాను.
ఇంట్లో అందరూ నా వైపు తిరిగారు.
చివర్లో ఆ తల్లి బియ్యం చెరుగుతోంది.
పడవ మునిగిందని నాకు తెలిసిపోయింది.
తొమ్మిది సెకన్లు
ఆ చేట వంకే చూస్తూ కూచున్నాను,
ఆమెకి చెప్పలేక."

పెన్ను మూసి, మళ్లీ తీసి:
"చంక దగ్గర పావంగుళం తప్పితే చెయ్యి లేవదు.
నీ పనీ అంతేగా."

అన్నిటినీ ఒక్కసారే వెనక్కి జరుపుదామంటే
మొదటి పాట చెడుతుంది.
లైను లైనుకీ కాస్త కాస్త సాగదీయాలి,
కుట్టు విప్పి మళ్లీ వేసినట్టు.
సౌండు కట్టేసి కూచున్నాను.
అర్ధరాత్రి గూడ్సు పోతుంటే
టేబుల్ అదిరింది, వినపడింది మాత్రం నా ఊపిరే.

అప్పుడు కనిపించింది, నేనెప్పుడూ రాయని చోటు.
కబురు తెచ్చినవాడు గుమ్మంలో నిలబడ్డాడు, ఏమీ అనలేదు.
ఆమె చెయ్యి ఆగింది.
చెవులున్నవాళ్లకి అక్కడే తెలుస్తుంది.
తెర కింద కొత్త లైను పెట్టాను:
చేట చపుడు ఆగింది.

శుక్రవారం సవరించిన ప్రతి ఎక్కించాం.
ఎన్ని గంటలు దండగ చేశావని వీరభద్రం అడిగాడు,
కరెంటు బిల్లు ఊపుతూ.

ఆదివారం మధ్యాహ్నం ఫోనులో రెండు ముక్కలు:
"ఈసారి ఆమెకి తెలిసినప్పుడే నాకూ తెలిసింది."

కాసేపాగి ఇంకోటి:
"చప్పుడులో ప వత్తు ఎగిరిపోయింది.
ఎప్పుడు దిద్దుతావు?"